గుండె ఆపి ఉంచే గంటన్నర

వినుకొండ కాపురస్తుడు, ఆయిలింజన్లూ స్ప్రేయర్లూ బాగుచేసే మెకానిక్ యలమందయ్య గారి కుమార్తెను, బిందుమాధవిని. వయస్సు ఇరవై అయిదు. జంతుశాస్త్రంలో డిగ్రీ. అవివాహితను. నరసరావుపేటలో డాక్టరు శ్రీకృష్ణ గారి నర్సింగ్ హోములో అయిదేళ్ళుగా మందుల కౌంటరు చూసుకుంటున్నాను. నా వాళ్ళకూ, నా తర్వాత నా మాట జరిపించబోయే వాళ్ళకూ నా సొంత చేతిరాతతో రాసి ఉంచుతున్న వీలునామా ఇది. సబ్‌రిజిస్ట్రారు ఆఫీసు దగ్గర దస్తావేజులు రాసే జాన్ బాషా గారు ఇచ్చిన నమూనాలో 'మరణశాసనం' అని ఉంది. ఆ మాట కలానికి రాలేదు. వదిలేశాను.

నేను పూర్తి స్పృహతో, మంచీ చెడూ తెలిసే స్థితిలో, ఎవరి బలవంతమూ లేకుండా ఇది రాస్తున్నాను. అయితే భయంలో ఉన్నాను. ఇంత భయంలో ఉన్న మనిషి రాత చెల్లుతుందా అని జాన్ బాషా గారిని అడిగాను. "భయపడేవాళ్ళే రాస్తారమ్మా వీలునామా. ధైర్యస్తులు రాయకుండా పోయి, పిల్లల్ని కోర్టుల చుట్టూ తిప్పుతారు" అన్నారాయన. ఆ వెంటనే, "అయినా పాతికేళ్ళ పిల్లకి నా చేత ఈ పనేంటమ్మా, నాక్కూడా ఆడపిల్లలున్నారు" అని కళ్ళద్దాలు తీసి తుడుచుకున్నారు.

రాయవలసి వచ్చిన కారణం: ఈ నెల ఇరవయ్యో తేదీ గురువారం హైదరాబాదులో నాకు గుండె ఆపరేషను. పదకొండో ఏట కీళ్ళ జ్వరం వచ్చి, అది కీళ్ళను వదిలి గుండెను పట్టుకుంది. ఎడమవైపు పైగదికీ కిందిగదికీ మధ్య ఉండే వాల్వు బిగుసుకుపోయింది. దాన్ని తీసి లోహపు వాల్వు పెడతారు. రొమ్ము ఎముకను రంపంతో కోస్తారు. రక్తాన్ని యంత్రంలోకి మళ్ళిస్తారు. గుండెను మంచుతో చల్లబరిచి, మందు పెట్టి ఆపుతారు. గంటన్నర ఆపి ఉంచుతారు. ఇవన్నీ తెలుసుకోకుండా ఉండే అదృష్టం నాకు లేకపోయింది. చేసే ఉద్యోగం అలాంటిది.

ఇరవై మందిలో పంతొమ్మిది మంది లేచి కూర్చుంటారని అక్కడి సర్జను గారు చెప్పారు. ఆ రోజు నుంచి వినుకొండ ప్యాసింజరు ఎక్కగానే పెట్టెలో ఇరవై మందిని లెక్కపెట్టుకుంటున్నాను. మిరపకాయల కోతకు పోయే ఆడవాళ్ళు, పాలక్యాన్ల మనిషి, కాలేజీ పిల్లలు. అందరూ గట్టిగా మాట్లాడుకుంటూ ఆరోగ్యంగా ఉంటారు. ఇరవయ్యో మనిషి కోసం వెతికితే చివరికి కిటికీ అద్దంలో నేనే కనిపిస్తాను.

ఇక అంశాలు.

ఒకటి. వీలునామా రాసిన మనిషి పోయాక అమల్లోకి వస్తుందంటారు. మరి నా గుండెను ఆపి ఉంచే గంటన్నరలో ఇది అమల్లో ఉన్నట్టా, లేనట్టా? జాన్ బాషా గారిని అడిగితే, "అది సబ్‌రిజిస్ట్రారు గారిక్కూడా తెలియదమ్మా" అన్నారు. కనుక నేనే నిర్ణయిస్తున్నాను. ఆ గంటన్నరలో నేను బతికి ఉన్నట్టే లెక్క. ఆ సమయంలో నా పెట్టె ఎవరూ తెరవరాదు. అమ్మ ఏడవరాదు. నా గురించి మాట్లాడవలసి వస్తే 'ఉంది' అనే అనాలి. 'ఉండేది' అనరాదు.

రెండు. మా నాన్న యలమందయ్య గారికి నా స్టెతస్కోపు. డాక్టరు గారు వాడి పక్కన పడేసిన పాతది, రబ్బరు గొట్టం మార్చుకుని వాడుకుంటున్నాను. నాన్న ఇంజను చెడితే స్క్రూడ్రైవరు మొన ఇంజనుకు ఆనించి, పిడి చెవికి ఆనించుకుని వింటారు. నాకు పదకొండేళ్ళప్పుడు జ్వరంలో ఆయన ఒళ్ళో పడుకుని ఉంటే వీపుకు చెవి ఆనించి, "దీనికి వాల్వు సౌండు తేడాగా ఉందే" అన్నారు. అమ్మ కసిరింది. "ఆడపిల్లనుకున్నావా, అయిదు హార్సుపవరనుకున్నావా?" అంది. నెల తర్వాత శ్రీకృష్ణ గారు స్టెతస్కోపు పెట్టి, నాన్న చెప్పిన మాటే ఇంగ్లీషులో చెప్పారు.

ఆపరేషనుకు ఒప్పుకోవాలా వద్దా అని నేను కొట్టుమిట్టాడుతుంటే నాన్న షాపులో పని ఆపకుండానే చెప్పారు: "రన్నింగులో ఉండగా ఏ ఇంజనుకీ వాల్వు మార్చలేం గదమ్మా. ఆపాలి. మార్చినాక మళ్ళీ మనమే గదా తిప్పేది." ధైర్యం చెప్పడానికే అన్నారు. కానీ షాపు వెనక రేకుల కింద, ఎంత తిప్పినా స్టార్టు కాని ఇంజన్లు నాలుగున్నాయి. ఆయన అటు చూడలేదు. నేను చూశాను.

ఇంకొక మాట. ఊడదీసిన పాత సామానును గుడ్డలో పెట్టి, ఎక్కడ అరిగిందో వేలితో చూపించి రైతు చేతికివ్వడం మా నాన్న పద్ధతి. చూపించకుండా కొత్తది బిగించేవాడు దొంగ అంటారు. కాబట్టి నా గుండెలోంచి తీసిన పాత వాల్వును, నేను ఉన్నా లేకపోయినా, మా నాన్నకు చూపించవలసిందిగా సర్జను గారిని కోరుతున్నాను. ఆయన దాన్ని ఒకసారి వేళ్ళతో పట్టుకోవాలి. లేకపోతే జన్మంతా నమ్మరు.

మూడు. మా అమ్మ వెంకటరావమ్మకు నా క్యాలెండర్లు. మొత్తం తొమ్మిది. వాటిలో ఇరవై ఒక్క రోజులకొక ఎర్ర చుక్క ఉంటుంది. పెన్సిలిన్ సూది వేయించుకునే రోజులవి. ఊళ్ళో వేయిస్తే గుండెజబ్బు పిల్లని పేరు పడుతుందని, ఎవరడిగినా చీరల కొట్టుకని చెప్పి, అమ్మ నన్ను ప్యాసింజరులో నరసరావుపేట తీసుకొచ్చేది. సూది నొప్పికి కుంటుతూ వస్తుంటే స్టేషను బయట జామకాయ కొని, ఉప్పూకారం అద్ది చేతిలో పెట్టేది. తిరిగి వెళ్ళేటప్పుడు చేతిలో చీర ఉండదు. "నచ్చలేదు" అని చెప్పేది. ఏడేళ్ళపాటు నరసరావుపేటలో ఒక్క చీరా నచ్చని మనిషిగా వీధిలో అమ్మకు పేరు.

క్యాలెండర్లలో రెండుచోట్ల చుక్కలు లేవు. నా పదమూడో ఏట ఒక ఏడాది లేవు. దాని సంగతి తర్వాతి అంశంలో. రెండోది, నేను గుంటూరు హాస్టల్లో ఉన్న చివరి రెండేళ్ళు. అమ్మ ఉత్తరం రాసినప్పుడల్లా, వేయించుకున్నానని జవాబు రాశాను. వేయించుకోలేదు. రూములో పిల్లలు చూస్తారని సిగ్గు. ఒంట్లో బాగానే ఉందన్న పొగరు. ఆ రెండేళ్ళలోనే వాల్వు పూర్తిగా బిగిసింది. అమ్మ తనవల్లే ఇలా అయిందని దేవుడి పటం ముందు కూర్చుని తనను తాను తిట్టుకుంటోంది. అందువల్ల ఇందుమూలంగా స్పష్టం చేస్తున్నాను: ఈ జబ్బు విషయంలో మా అమ్మ మీద ఎవరికీ, ఆమెతో సహా ఎవరికీ, ఎటువంటి నేరం మోపే హక్కు లేదు.

నాలుగు. మా మేనత్త సుబ్బరావమ్మ గారికి ఏమీ రాయకూడదనుకున్నాను. "ఆడపిల్లకి మూడువారాలకోసారి సూదేందిరా, రేపెవడన్నా చేసుకుంటాడా?" అని నాన్నతో పోట్లాడి ఆ ఏడాది మాన్పించింది ఈమే. కసి నాకింకా పోలేదు. పోయిందని రాస్తే అబద్ధపు దస్తావేజవుతుంది. అయితే ఈమెకు మోకాళ్ళ నొప్పులు. నెలనెలా నా దగ్గరకొచ్చి, "ఒసే బిందూ, పొద్దున ఏది, రాత్రి ఏది?" అని మాత్రలన్నీ ఒళ్ళో పోస్తుంది. చదువు లేదు. నేను పోతే ఆ మాత్రలు కలగాపులగమైపోతాయి. అందుచేత ఒక అట్ట మీద మాత్రలు అతికించి, పక్కన బొమ్మలు వేసి ఉంచాను. పొద్దుటి మాత్ర పక్కన కోడిపుంజు. రాత్రి మాత్ర పక్కన నులకమంచం. అది ఆమెకు చెందుతుంది. కసి నా దగ్గరే ఉంటుంది.

ఐదు. షాజాదీకి నా రంగుల పెట్టె, కుంచెలు. ఈ పిల్ల కరీమున్ కూతురు. కరీమున్ మా ఆస్పత్రి వెనక వీధిలో ఉంటుంది, భర్త పత్తి కౌలు చేస్తాడు. ఈ దానం వెనక నా తప్పు ఒకటుంది.

నేను కౌంటరులో చేరిన కొత్తలో షాజాదీకి నాలుగేళ్ళు. దగ్గుమందు ఇచ్చి, "గీతలున్న మూతతో అయిదో గీత దాకా కొలిచి పొయ్యి" అని చెప్పాను. చూడకుండా చెప్పాను. నా చూపు గడియారం మీద ఉంది, రైలు టైమయింది. ఆ సీసాకు కొలత మూత రాలేదు. కరీమున్ ఇంట్లో గీతలున్న మూత ఒకటే ఉంది. పురుగుమందు డబ్బాతో వచ్చింది, చేలో మందు కలుపుకోవడానికి వాడేది. నీళ్ళతో కడిగే వాడింది పాపం. మర్నాడు పొద్దున్నే పిల్ల నోటి వెంట చొంగ, కంటిపాపలు సూదిమొనల్లాగా. మూడు రోజులు. బతికింది. కరీమున్ నన్నొక్క మాట అనలేదు. "నువ్వు చెప్పినట్టే చేశానమ్మా" అంది. అంతే అంది.

ఆనాటి నుంచి నేను నోటిమాట నమ్మడం మానేశాను. ప్రతి సీసాకూ మూత దారంతో కట్టి ఇస్తాను. ప్రతి కవరు మీదా బొమ్మ వేస్తాను. ఈ బొమ్మలన్నీ నా తెలివి అని మెచ్చుకునేవాళ్ళు ఉన్నారు. భయం అవి. షాజాదీకి ఇప్పుడు తొమ్మిదేళ్ళు, నాకంటే కోడిపుంజును బాగా వేస్తుంది.

ఆరు. డాక్టరు శ్రీకృష్ణ గారికి నా పోలికల నోటుబుక్కు. ఆయన చెయ్యి మంచిది, నోరు లేదు. రోగికి జబ్బు పేరు చెప్పి, "అర్థమైందా?" అంటారు. రోగి తలూపి బయటకొచ్చి, "ఏందమ్మా ఆయనన్నది?" అని నన్నడుగుతాడు. అలా పుట్టిందా పుస్తకం. షుగరు గురించి: కాలవ నిండా నీళ్ళున్నాయి, మన చేలోకి తూము తెరుచుకోవడం లేదు. బీపీ గురించి: స్ప్రేయరులో గాలి ఎక్కువ కొడితే పైపు ఎక్కడ పలచబడిందో అక్కడ పగులుద్ది. క్షయ గురించి: తుంగను పైన కోస్తే మళ్ళీ లేస్తుంది, ఆర్నెల్లు గడ్డతో సహా తవ్వాలి. డాక్టరు గారు మొదట్లో, "ఇదేమన్నా బుర్రకథా?" అన్నారు. ఇప్పుడు తనే పేషెంటును పంపిస్తూ, "కౌంటరులో అమ్మాయి కథ చెబుతుంది, వినిపో" అంటున్నారు.

నా రిపోర్టు చూసిన రోజు ఆయన చీటీ మీద గుండె బొమ్మ గీశారు. వాల్వు దగ్గర కలం ఆగింది. "నీకు చెప్పడం నాకు చాతకాదమ్మా. నీ పేషెంట్లకు చెప్పినట్టు నువ్వే చెప్పుకో" అన్నారు. ప్రయత్నించాను. నోటుబుక్కులో చివరి పేజీ మీద 'ఆగిన గుండె' అని రాసి కింద ఖాళీ ఉంచాను. ఏ పోలికా రాలేదు. ఎవరికి తోస్తే వాళ్ళు పూరించవచ్చు.

ఈ వీలునామాను అమలు జరిపే బాధ్యత కూడా డాక్టరు గారిదే.

ఏడు. మా ఆస్పత్రి ఆయా మస్తాన్‌బీకి నా బంగారు కమ్మలు, కౌంటరు దగ్గరున్న నా కుర్చీ. కుర్చీ ఆస్పత్రిది కాదు, నా రెండో జీతంతో కొనుక్కున్నది. పదహారేళ్ళుగా ఆ మనిషి మా ఆస్పత్రిలో కుర్చీలో కూర్చోగా చూసినవాళ్ళు లేరు.

ఈమె ఏం చేస్తుందో రాసిపెట్టాలి. జీతాల రిజిస్టరులో 'ఊడ్చుట, తుడుచుట' అని మాత్రమే ఉంది. సీజనులో చేలో పురుగుమందు కొడుతూ పడిపోయినవాళ్ళనీ, దాన్నే తాగినవాళ్ళనీ ట్రాక్టర్ల మీద తెస్తారు. వాళ్ళకు విరుగుడు సూది గంటల తరబడి వేస్తూనే ఉండాలి. దాని ప్రభావానికి ఒకటి రెండు రోజులు మతి ఉండదు, చేతులు ఆగవు. గాల్లో ఏదో పీకుతుంటారు. సూది గొట్టాలు లాగేస్తారని మంచానికి కట్టేసేవాళ్ళు. కడితే ఇంకా గింజుకుంటారు. మస్తాన్‌బీ ఆ చేతుల్ని చూసి కనిపెట్టింది. పైకి లాగి పిడికిలి మూస్తే పత్తి. గిల్లి పక్కకు వేస్తే మిరపకాయలు. సాగదీస్తే బట్టలు కుట్టేవాడు. అవి పిచ్చి చేతులు కావు, పనిచేసే చేతులు అంది.

వీరబాబు అని వినుకొండ అవతలి మిరప రైతు వచ్చినప్పుడు మొదటిసారి చూశాను. అతను గాల్లో కాయలు కోస్తున్నాడు. ఈమె తాళ్ళు విప్పించి, మంచం పక్కన నేల మీద కూర్చుని, కొంగు పరిచి ఒడి పట్టింది. అతను కోసి ఒడిలో వేస్తున్నాడు. "ఇంకెన్ని సాళ్ళున్నాయి?" అన్నాడు. "నాలుగే నాయనా. పొద్దుగూకేలోగా అయిపోద్ది, నిదానంగా కొయ్యి" అంది. మధ్యమధ్య తడిగుడ్డతో పెదాలు అద్దింది. ఒడి నిండినప్పుడల్లా లేచి మూలకు వెళ్ళి, లేని కాయల్ని కుప్ప పోసి వచ్చింది. డాక్టరు గారు గుమ్మంలో నిలబడి చూశారు. మర్నాటి నుంచి మా ఆస్పత్రిలో తాళ్ళు లేవు. వీరబాబు మూడో రోజు లేచి, "కాయలెక్కడ పోశారు?" అని అడిగాడు. ఆవిడ ఒడిలో కోస్తూ కోస్తూ పోయినవాళ్ళూ ఉన్నారు. వాళ్ళ కాయల్ని కూడా మూలకు మోసుకెళ్ళి పోసింది. నేను చూశాను.

ఎనిమిది. నా అసలు భయం ఇక్కడ రాస్తున్నాను. ఆపరేషను తర్వాత తెలివి వస్తున్నప్పుడు గొంతులో గొట్టం ఉంటుంది, మాట రాదు. గొట్టం పీక్కుంటారని చేతులు మంచానికి కడతారని అక్కడి నర్సు చెప్పింది. పోతే పోయాను. సగం తెలివితో, నోరు లేక, చేతులు లేక, ఎవరూ కనిపెట్టలేని చోట ఉండిపోవడమే నాకు భయం. అందరి చేతులకూ ఏదో ఒక పని వచ్చు. నావి ఏం చేస్తాయి? పత్తి తీయలేదు, కాయ కోయలేదు. కవర్ల మీద కోడిపుంజులు గీశాయి. గాల్లో కోడిపుంజు గీస్తుంటే అది కోడిపుంజని ఎవరికి తెలుస్తుంది? పిచ్చి చేతులనుకుని గట్టిగా కడతారు. వీలైతే కట్టవద్దని కోరుతున్నాను. ఇది కోరిక మాత్రమే, హక్కు లేదని తెలుసు.

తొమ్మిది. చీరలు ఎవరికి నచ్చినవి వాళ్ళు తీసుకోవచ్చు. తగాదా పడకూడదు.

కొట్టివేత గురించి.

పై అంశాలన్నీ రాశాక, ఈ ఉదయం జాన్ బాషా గారు మా ఆస్పత్రికి వచ్చారు. ఇద్దరు సాక్షులు కావాలి. ఒకరు ఆయన. రెండోవారిగా అనుకున్న ల్యాబు అబ్బాయి సెలవు పెట్టాడు. వరండా తుడుస్తున్న మస్తాన్‌బీ, "నేను పెడతాలే" అని చేతులు కొంగుకు తుడుచుకుంది. సంతకం వచ్చు, పోయినేడు నేనే నేర్పాను. జాన్ బాషా గారు అడ్డం వచ్చారు. "నీకిందులో ఆస్తి రాసిందమ్మా. ఆస్తి తీసుకునేవాళ్ళు సాక్షి పెట్టకూడదు. రెండిట్లో ఒకటే."

"నాకేం రాసింది?" అందామె. ఏడో అంశం చదివి వినిపించాను. విన్నంతసేపూ ఆమె బకెట్టు వైపు చూస్తూ ఉంది. "కుర్చీ నేనేం చేసుకోను అమ్మాయ్? కింద కూర్చుంటేనే గదా ఒడి పడేది" అంది. తర్వాత జాన్ బాషా గారిని, "సాక్షి అంటే ఏం చెప్పాల?" అని అడిగింది. ఈ పిల్ల బతికుండి, తెలివిలో ఉండి సంతకం పెడుతుంటే కళ్ళారా చూశానని చెప్పాలి, ఎక్కడికి పిలిస్తే అక్కడికి రావాలి అని ఆయన చెప్పారు.

"అయితే నా పేరున రాసింది కొట్టెయ్యండి. నేను సాక్షికే ఉంటా. హైదరాబాదుకన్నా వస్తా" అంది.

డాక్టరు గారు లోపల నుంచి విని ఆమెకు సెలవు ఇచ్చారు. సోమవారం మాతోపాటు మస్తాన్‌బీ కూడా బండెక్కుతోంది. ఆపరేషను అయ్యాక గదిలోకి రానిస్తారో లేదో తెలియదు. అద్దం అవతలే నిలబెడతారేమో. నా చేతులు కదిలితే అవి ఏం చేస్తున్నాయో అక్కడున్న వాళ్ళకు చెప్పగలిగిన మనిషి ఒకరుంటారు. భయం పోలేదు.

కావున ఏడో అంశంలోని దానాన్ని రద్దు చేస్తున్నాను. ఆమె గురించి రాసిన మాటలు మాత్రం రద్దు కావు. కమ్మలకూ కుర్చీకీ ఇక వారసులెవరూ లేరు. కుర్చీ కాళ్ళు మా నాన్న చేత కోయించి, కూర్చుంటే ఒడి పట్టేంత ఎత్తులో పీట చేయించాలి. ఆ పని నా వారసులది కాదు. తిరిగొచ్చి నేనే చేయించాలి.

ఇది నేను చదువుకుని, సరిగా ఉందని ఒప్పుకుని, కింది సాక్షుల ఎదుట చేసిన సంతకం.

నరసరావుపేట, 2003 ఫిబ్రవరి 11, మంగళవారం.

(సం.) బిందుమాధవి

కొట్టివేత ఒకటి, ఏడో అంశం. దిద్దుబాట్లు లేవు.

సాక్షులు:

1. జాన్ బాషా, దస్తావేజు లేఖరి, నరసరావుపేట.

2. మస్తాన్‌బీ, ఆయా. ("బతికుండగా చూశా. మళ్ళీ చూస్తా." ఆమె చెప్పగా రాసినది: జాన్ బాషా. ఈ రెండో మాట నమూనాలో లేదని చెప్పినా వినలేదు.)